అవునన్న మాట

తూకం ముల్లు నలభై ఒకటి దగ్గర ఆగింది. నర్సు నెస్టా సలోమెను దించి, ముల్లు సున్నాకు వచ్చేదాకా చూసి మళ్ళీ ఎక్కించింది. నలభై ఒకటే. పోయిన నెల నలభై మూడు. ఐదు నెలలుగా క్షయ మందులు మింగుతున్న మనిషి ఈపాటికి కాస్త ఒళ్ళు చెయ్యాలి. సలోమె ఊపిరి తీసినప్పుడల్లా మెడ కింది గుంట ఇంకాస్త లోతవుతోంది.

బల్ల అవతల డాక్టర్ హెథర్ కఫం పరీక్ష ఫలితం చూస్తోంది. ఆస్ట్రేలియా నుంచి రెండేళ్ళ ఒప్పందం మీద వచ్చిన మనిషి. ప్రొవిన్సు మొత్తానికి క్షయ చూసే డాక్టరు ఆమె ఒక్కతే. ఫలితం పక్కన పెట్టి, దాని కింద ఉన్న పచ్చ కాగితం పైకి తీసింది.

ఆ పచ్చ కాగితం నెస్టా తయారు చేసింది. రోగులతో ఎలా మాట్లాడాలన్న దాని మీద రాజధాని హోనియారాలో వారం రోజులు శిక్షణ జరిగితే ఆసుపత్రి ఆమెను పంపింది. తిరిగి వచ్చాక ఆమె పది రాత్రులు కూర్చుని రాసింది. ఎడమ పక్క దీవులన్నిటా మాట్లాడే పిజిన్‌లో తొమ్మిది ప్రశ్నలు, కుడి పక్క డాక్టరు చదువుకోవడానికి అవే ఇంగ్లిషులో, మధ్యలో అవును, కాదు అని రెండేసి గళ్ళు. వరండాలో నిలబడ్డవాళ్ళను నర్సు అడిగి టిక్కు పెడుతుంది, డాక్టరు ఒక్క చూపులో గ్రహిస్తుంది. పూటకు పన్నెండు మందిని చూడగలిగిన డాక్టరు ఇప్పుడు ముప్ఫై మందిని చూస్తోంది. వచ్చే నెల నెస్టా హోనియారా వెళ్ళి అన్ని ప్రొవిన్సుల నర్సులకూ ఆ కాగితం వాడకం నేర్పాలి. పిలుస్తూ వచ్చిన ఉత్తరాన్ని వాళ్ళమ్మ బైబిలులో దాచుకుంది.

డాక్టరు వేలు మొదటి గడి మీద ఆగింది. "ఈమె కూడా మానేసిందట," అంది, విసుగు లేదు, అలసట ఉంది. ఉప్పునీటి మడుగు చుట్టూ ఉన్న లగూన్ పల్లెల నుంచి వచ్చిన పద్నాలుగు మందిలో ఈమె పదకొండోది అంది. అక్కడ దగ్గరుండి మందు మింగించవలసిన సహాయకుడు నిద్రపోతున్నాడా అని కూడా అంది. అతనికి పోయిన వారమే ఉత్తరం రాసింది.

తర్వాత నిర్ణయం చెప్పింది. సలోమె ఇంటికి వెళ్ళడానికి లేదు. రెండు నెలలు క్షయ వార్డులో ఉండాలి. అవే మందులు మొదటి నుంచి, నర్సు కళ్ళెదుట మింగాలి. గురువారం ఓడలో హోనియారాకు వెళ్ళే నమూనాల పెట్టెలో ఆమె కఫం పెట్టనక్కరలేదు. అక్కడి నుంచి ఆస్ట్రేలియాకు పంపి, క్రిములు మందులకు లొంగుతాయో లేదో చూసే ఆ పరీక్ష, మందులు సరిగ్గా వేసుకున్నా తగ్గనివాళ్ళకే.

నెస్టా ఆ మాటలన్నీ పిజిన్‌లోకి మార్చి చెప్పింది. సలోమె ఒళ్ళో గుడ్డసంచీ ఉంది. అందులో ఒక జత బట్టలు, సగం గుచ్చిన గవ్వపూసల దండ. పొద్దున వచ్చి మధ్యాహ్నం పడవకు తిరిగి పోవచ్చనుకున్న మనిషి సర్దుకున్న సంచీ అది. రెండేళ్ళ కూతుర్ని చెల్లెలి దగ్గర వదిలి వచ్చింది.

"నేను మానలేదు, సిస్టర్," అంది సలోమె.

ఊళ్ళో అయితే నెస్టాను పేరు పెట్టి పిలిచేది. ఇక్కడ తెల్లబట్టలకు సిస్టర్ అంటోంది. వెనక వరసలో ఉన్నవాళ్ళు మాటలు ఆపి వింటున్నారు.

"పొద్దున వరండాలో నువ్వే చెప్పావు కదా పిన్నీ. కాగితం మీద ఉంది."

సలోమె ఆ కాగితం వంక చూసింది. మాట్లాడే వస్తువును చూసినట్టు, అది ఇంకేమంటుందో అని కొంచెంసేపు ఆగి చూసింది. తర్వాత తల దించుకుని సంచీ మూతి ముడి వేసుకుంది. ఏమంటోందని డాక్టరు అడిగింది. ఇప్పుడు మానలేదంటోందని నెస్టా చెప్పింది.

"వార్డు మాట వినగానే అందరూ అలాగే అంటారు," అంది డాక్టరు, తర్వాతి పచ్చ కాగితం అందుకుంటూ.

*

మంగళవారం పొద్దున ఆరున్నరకు నెస్టా మందుల పళ్ళెం పట్టుకుని వార్డుకు వెళ్ళింది. సలోమె అప్పటికే లేచి మంచం అంచున కూర్చుంది. నెస్టా రేకు చింపి ఇటుకరంగు మాత్రలు మూడు ఆమె అరచేతిలో వేసి నీళ్ళ గ్లాసు ఇచ్చింది. సలోమె ఒక్కొక్కటే మింగింది. మింగాక నోరు తెరిచి చూపించాలన్నది నియమం. సలోమె నోరు తెరిచింది. నాలుక పైకెత్తి, అటూ ఇటూ కదిపి చూపించింది. తనకన్నా పదిహేనేళ్ళు చిన్నదాని ముందు అలా నోరు తెరుచుకుని కూర్చున్న ఆమెను నెస్టా సరిగ్గా చూడలేకపోయింది. చూసినట్టు సంతకం చేసింది.

పక్క మంచం ముసలామె టౌను మనిషి. తమాషా వదులుకునే రకం కాదు. "మీ లగూన్‌లో మాత్రలు చేపలకు వేస్తారటగా," అంది సలోమెతో. "చేపలకు దగ్గు తగ్గిందా మరి?"

రెండు మూడు మంచాల నవ్వు వినిపించింది. సలోమె దండ తీసి, దారం కొన నోటితో తడిపి, పూస ఎక్కించబోయింది. దగ్గు తెర వచ్చి పూస జారి మంచం కిందికి దొర్లింది. నోటికి అడ్డం పెట్టుకున్న గుడ్డను ఆమె గబుక్కున మడిచేసింది గాని, అందులో ఎర్రటి చార నెస్టాకు కనిపించనే కనిపించింది.

నెస్టా వంగి పూస వెతికి ఇచ్చింది. ఇస్తూ, ఎందుకు మానావు పిన్నీ, వాంతులయ్యాయా, మాత్రలు అందలేదా, నాతో అయినా చెప్పు అంది. శిక్షణలో చెప్పినట్టే పక్కన కూర్చుని, గొంతు తగ్గించి అడిగింది. సలోమె ఆమె మొహంలోకి ఒకసారి చూసి, పూస తీసుకుని, దారం కొన మళ్ళీ నోట్లో పెట్టుకుంది.

మానలేదని ఒకసారి చెప్పిందిగా.

ఆ మాట నెస్టా మనసులోకి దానంతట అదే వచ్చింది. వచ్చాక పోలేదు. మానలేదన్నది నిజమైతే? ఐదు నెలలూ మింగితే కూడా ఆ క్రిములు బతికే ఉన్నాయంటే, ఆ మందులకు అవి చావవన్నమాట. అప్పుడు ఈ మూడు మాత్రలు రెండు నెలలు కాదు, రెండేళ్ళు మింగించినా నీళ్ళతో సమానం. కఫం పెట్టెలో వెళ్ళదు. ఇంకో పెట్టె వెళ్ళేది నెలన్నర తర్వాత. నలభై ఒక్క కిలోల మనిషి ఆ నెలన్నర ఎలా ఉంటుందో నర్సు చదువు చదివిన నెస్టాకు ఒకరు చెప్పనక్కరలేదు.

కాగితం మీద ఉంది అని మళ్ళీ తనకు తాను చెప్పుకుని పళ్ళెం పట్టుకుని తర్వాతి మంచానికి వెళ్ళింది.

*

బుధవారం పదింటికి ఫిలిమోన్ వచ్చాడు. లగూన్ క్లినిక్‌లో ఇరవై రెండేళ్ళుగా ఉన్న నర్సు సహాయకుడు. తెల్లవారకముందే బయలుదేరి పడవ తెడ్డు వేసుకుంటూ వచ్చాడు. చొక్కా భుజాల దగ్గర ఉప్పు తెల్లగా ఎండింది. డాక్టరు రాసిన ఉత్తరం ప్లాస్టిక్ సంచీలో చుట్టి జేబులో పెట్టుకొచ్చాడు. ఇంగ్లిషు కాబట్టి పాస్టరుగారి చేత రెండుసార్లు చదివించుకున్నాడట. రెండోసారి చదివేటప్పుడు పాస్టరుగారి భార్య కూడా అక్కడే ఉందట. అది చెప్పేటప్పుడు మాత్రం అతను కిటికీ అవతలికి చూశాడు.

మందులగది గుమ్మం దగ్గర నిలబడే మాట్లాడాడు. పద్నాలుగు మందికీ రోజూ పొద్దున తానే వెళ్ళి చేతిలో పెడుతున్నానన్నాడు. గాలి ఎక్కువగా ఉన్న రోజు కూడా మానలేదన్నాడు. వాడేసిన రేకులేవీ అని నెస్టా అడిగింది. అవి దాచి ఉంచితే ఋజువుగా ఉండేవి. ఫిలిమోన్ తల గోక్కున్నాడు. మెరుస్తాయి కదా, మగవాళ్ళు చేపలకు ఎరగా కట్టుకుపోతారన్నాడు. సలోమె మొగుడు ఆ రేకుతో మొన్న పెద్ద చేపనే పట్టాడట.

నెస్టాకు ఒళ్ళు మండింది. ఈ మనుషుల్లోంచి వచ్చి, ఈ మనుషుల కోసం ఇంగ్లిషు నేర్చుకుని, వాళ్ళ తరఫున డాక్టరు ముందు నిలబడితే, చేతికి ఇచ్చేది ఇదా? గొంతు పెరిగింది.

"నేనేం చెయ్యను బాబాయ్. నువ్వు ఇచ్చానంటావు. ఆమెను అడిగితే అవునంది. నా చేత్తో నేనే టిక్కు పెట్టాను."

"అవునందిగా?" అన్నాడు ఫిలిమోన్.

"అంది."

"మరింకేం?"

నెస్టా అతని మొహంలోకి చూసింది. వక్క నమిలి ఎర్రబడ్డ పెదవులు, కొంచెం తెరుచుకుని, నిజంగానే అర్థంకాక ఆగిపోయి ఉన్నాయి. వెటకారం లేదు.

"నువ్వేమని అడిగావు అమ్మాయ్?"

ఎలా అడిగిందో నెస్టాకు గుర్తులేదు. ఆ పొద్దున ముప్ఫై ఒక్కమందిని తొమ్మిదేసి ప్రశ్నలు అడిగింది. మొహం ఎత్తకుండా అడిగింది. గోడకున్న అరలోంచి ఖాళీ పచ్చ కాగితం ఒకటి లాగి, ఎడమ పక్క మొదటి వరస పైకి చదివింది.

"మందులు ఏ రోజూ మానలేదు కదా?"

ఫిలిమోన్ కనుబొమలు పైకెత్తి దించాడు. లగూన్‌లో ఎవరైనా చేసేది అదే. అవును, మానలేదు. సలోమె చేసింది అదే. నెస్టా చెయ్యి అవునన్న గడిలో టిక్కు పెట్టింది.

కుడి పక్క ఇంగ్లిషులో అదే వరసలో ఉన్న ప్రశ్న: మందులు మానారా?

గడి ఒకటే.

నెస్టా కాగితాన్ని బల్ల మీద పెట్టి, ముడతలు లేకపోయినా చేత్తో రెండుసార్లు సాపు చేసింది. మానారా అని పెద్దవాళ్ళను మొహం మీద అడగడం లగూన్‌లో చెంపమీద కొట్టడంతో సమానం. రోగిని దోషిలా నిలబెట్టకండని శిక్షణలో కూడా చెప్పారు. అందుకే పిజిన్ ప్రశ్నను ఆమె మెత్తగా మలిచింది. మెత్తన చేసిన వాక్యం చూసి తనలో తాను సంతోషపడింది కూడా. టౌనువాళ్ళకు ఇంగ్లిషు వచ్చు కాబట్టి వాళ్ళను కుడి పక్క చూసి అడిగింది. లగూన్ వాళ్ళను ఎడమ పక్క చూసి అడిగింది.

పద్నాలుగు మందిలో పదకొండు మంది అవునన్నారు. మరి కాదన్న ముగ్గురు? కాదని తల అడ్డంగా ఊపి, కొన్నాళ్ళు మానామన్న నిజం ఒప్పుకున్నవాళ్ళు ఆ ముగ్గురు. బాగా వేసుకుంటున్నారని వాళ్ళను ఇంటికి పంపించారు.

"చదువుతో పాటు చెవులు కూడా వాళ్ళవే పెట్టించుకున్నావా ఏం," అన్నాడు ఫిలిమోన్, నెమ్మదిగానే. నవ్వించాలని అన్నాడు. ఆమె మొహం చూసి ఆ ప్రయత్నం మానుకుని, తాగడానికి నీళ్ళేమైనా ఉన్నాయా అని అడిగాడు.

*

ఆ మధ్యాహ్నం నెస్టా డాక్టరు గదికి వెళ్ళింది. పచ్చ కాగితం నాలుగు మడతలు పెట్టి జేబులో వేసుకుంది. లోపలికి వెళ్ళాక అది తియ్యలేదు. సలోమె ప్రశ్న సరిగ్గా అర్థం చేసుకోలేదేమో అంది. కఫం పంపితే మంచిదేమో అంది.

డాక్టరు కలం కింద పెట్టి విన్నది. పెట్టెలో నాలుగు నమూనాలకే చోటుందనీ, మూడు నిండాయనీ, నాలుగోదాన్ని అనుమానం మీద ఇవ్వలేననీ చెప్పింది. తర్వాత నెస్టా నోరు మూయించిన మాట అడిగింది.

"ఒకరికి అర్థంకాలేదంటే నమ్ముతాను. పదకొండు మందికీ అర్థంకాలేదా?"

నెస్టా వేళ్ళు జేబులో ఆ మడతలను పట్టుకున్నాయి. డాక్టరు మంచిగానే మాట్లాడింది. వాళ్ళు నీవాళ్ళు, బాధగా ఉంటుంది, నాకు తెలుసు అంది. హోనియారాకు విమానం టిక్కెట్టు వచ్చిందని సొరుగులోంచి తీసి ఇచ్చింది. నెస్టా దాన్ని రెండు చేతులతో అందుకుని, థాంక్యూ చెప్పి, తలుపు చప్పుడు కాకుండా వేసి బయటికి వచ్చింది.

వరండాలో సలోమె గోడకు ఆనుకుని కూర్చుని ఉంది. దాటిపోయే నెస్టా పాదాలకు దారి ఇవ్వడానికి కాళ్ళు దగ్గరికి తీసుకుంది. పైకి చూడలేదు.

*

గురువారం ఓడ పదకొండింటికి. ఎనిమిదింటికి డాక్టరు పరీక్షగదిలో పెట్టె సర్దుతోంది. మంచుముద్దలు అడుగున పరిచి, మూడు సీసాలు గుడ్డలో చుట్టి నిలబెట్టింది. నాలుగో చోటులో నలిపిన న్యూస్ పేపరు కుక్కింది. టేపు చుట్ట కోసం చెయ్యి చాచేసరికి నెస్టా టేపును తన వైపుకు జరుపుకుంది.

పచ్చ కాగితం మడతలు విప్పి పెట్టె మూత మీద పరిచింది. ఎడమ పక్క ప్రశ్నను ఇంగ్లిషులోకి మార్చి చెప్పింది. దానికి లగూన్‌లో అవునంటే ఏమిటో చెప్పింది. కుడి పక్క ఉన్నది వేరే ప్రశ్న అని, గడి ఒకటే పెట్టానని, తప్పు రోగులది కాదని, ఫిలిమోన్‌ది అంతకన్నా కాదని చెప్పింది. నిన్ననే తెలిసిందని కూడా చెప్పింది.

డాక్టరు కాగితాన్ని చదివింది. ఎడమ పక్క చదవడం ఆమెకు రాదు. అయినా దాని మీద కూడా వేలు పెట్టి చూసింది. పదకొండు కేసుల మీద ఉన్న సంతకం ఆమెది. మొహం గట్టిపడింది.

"అచ్చు వేయించే ముందు దీన్ని ఎవరినీ అడిగి చూడలేదా?"

"అవును," అంది నెస్టా.

"ఎవరిని అడిగావు?"

"ఎవరినీ అడగలేదు."

"ఇప్పుడే అవునన్నావు కదా," అంది డాక్టరు, గొంతు పెంచి. "ఒక నిమిషంలో మాట..."

అక్కడ ఆగిపోయింది. నెస్టా కూడా ఆగిపోయింది. ఇంగ్లిషులో నాలుగేళ్ళు చదివి, ఇంగ్లిషులో పరీక్షలు రాసి, భయం వేసేసరికి ఆమె నాలుక లగూన్‌కు పోయింది. డాక్టరు స్టూలు లాక్కుని కూర్చుంది. రెండు చేతులతో మొహం ఒకసారి రుద్దుకుంది.

తర్వాత న్యూస్ పేపరు ముద్దను పెట్టెలోంచి తీసి నేల మీద పడేసింది.

"సలోమెను లేపు. సీసా తీసుకుపో. పదింటిలోపల కావాలి." నెస్టా గుమ్మం దాకా వెళ్ళాక వెనక నుంచి అంది. "ఆ ముగ్గుర్ని ఇవాళే పిలిపించాలి. ఫిలిమోన్‌కు నేను రాస్తాను. హోనియారా వాళ్ళకు మాత్రం నువ్వే రాయాలి."

వార్డు వెనక, గాలి వచ్చే వైపు, కొబ్బరిచెట్ల కింద బెంచీ ఉంది. కఫం అక్కడే తియ్యాలి. నెస్టా మాస్కు కట్టుకుని, గాలికి ఎదురుపడకుండా సలోమె పక్కగా నిలబడింది. లోతుగా ఊపిరి పీల్చమంది. ఆపమంది. మళ్ళీ. మూడోసారికి దగ్గు వచ్చింది గాని ఉమ్మి తప్ప ఏమీ రాలేదు. అది పనికిరాదు. సలోమె బెంచీ పట్టుకుని వంగింది. వీపు మీద ఎముకలు బట్టలోంచి లెక్కపెట్టేట్టు లేచాయి. నెస్టా అరచెయ్యి దొప్పలా చేసి వీపు మీద తడుతూ ఉంది. రేవులో ఓడ మొదటి కూత వేసింది. తొమ్మిదిన్నర.

నాలుగోసారి, ఐదోసారి. ఏడోసారి లోపలెక్కడి నుంచో తెగి వచ్చినట్టు వచ్చింది. సలోమె సీసాలోకి ఉమ్మి మూత బిగించి ఇచ్చింది. చిక్కగా, పచ్చగా, ఒక ఎర్రటి పోగుతో ఉంది. నెస్టా సీసా మీద పేరు రాసింది. పరుగులాంటి నడకతో వెళ్ళింది. డాక్టరు తానే పెట్టెకు టేపు వేసి, తానే ట్రక్కులో పెట్టుకుని రేవుకు తీసుకుపోయింది.

నెస్టా తిరిగి వచ్చేసరికి సలోమె అదే బెంచీ మీద ఉంది. మోచేతులు మోకాళ్ళ మీద ఆన్చి సముద్రం వైపు చూస్తోంది. నెస్టా మాస్కు కట్టుకునే, గాలికి పక్కగా, బెంచీ ఈ కొసన కూర్చుంది. జరిగింది చెప్పింది. కాగితం గురించి, రెండు ప్రశ్నల గురించి, ఒక గడి గురించి. ఫలితం వచ్చేసరికి మూడు వారాలో నాలుగు వారాలో పడుతుందని, అప్పటిదాకా వార్డులో ఉండక తప్పదని, ఈసారి ఉండేది మానినందుకు కాదని చెప్పింది. సలోమె వింటున్నట్టే ఉంది. ఓడ రేవు వదిలి మెల్లగా మలుపు తిరుగుతోంది.

"పిన్నీ," అంది నెస్టా. "నా మీద కోపం లేదు కదా?"

సలోమె కనుబొమలు పైకి లేచి దిగాయి.

నెస్టాకు గుండె తేలికపడబోయింది. పడబోతుండగానే తన ప్రశ్న తన చెవిన పడింది. మళ్ళీ అదే. జవాబు తానే వండి, అవతలి మనిషి నోటికి అందించి, మింగావా అని చూసినట్టు. మాస్కు కింద పెదవులు బిగించి ఊపిరి తీసుకుంది.

"కోపం ఉందా, పిన్నీ?"

అడిగి ఊరుకుంది. మధ్యలో ఏ మాటా అందించలేదు. ఓడ మలుపు అవతలికి పోయింది, దాని పొగ మాత్రం చెట్ల పైన మిగిలింది. సలోమె సంచీలోంచి దండ తీసి, దారం కొన చూసుకుంది.

"ఉంది, నెస్టా," అంది.